కలుపు తీయని కుండీ

ప్రియమైన అమ్మమ్మకి,

ఈ పొట్లంలోవి మేము విత్తనాలు సేకరిస్తున్న ఎండు గడ్డిమైదానంలోని పసుప్పచ్చ పూల గింజలు. ఏటా మొలిచి, పూసి, గింజ రాల్చి చచ్చిపోయే మొక్క. వచ్చే ఏడు ఆ నేల దున్నేస్తారట. అందుకే నమ్మకమున్న చేతుల్లో తలా కాసిని పెడుతున్నాం. రెండు కుండీల్లో అక్కడి మట్టే పంపాను. చల్లి వదిలెయ్, ఇంకేమీ చెయ్యకు.

నన్ను మీ ఊరి విత్తనాల గిడ్డంగికి మారుస్తున్నారు. నీ దగ్గరే ఉండనా?

నీ పిచ్చుక

* * *

చిరంజీవి పిచ్చుకకి,

కుండీలు చేరాయి. నేను గుండ్రాయిలా ఉన్నాను. ఏమీ చెయ్యకు అన్నావు. బడిలో లెక్కలు చెప్పి తల నెరిసినదాన్ని, ఏమీ చెయ్యకపోవడం నాకెవరూ నేర్పలేదు. మొదటి కుండీలో మొలకలు వచ్చాయి, వాటితో బాటు పిలవని పేరంటంలా గడ్డి కూడా. రోజూ పొద్దున్నే పీకేస్తున్నాను. రెండో దాంట్లో నిన్ననే చల్లాను.

నా దగ్గర ఉండటం మాత్రం వద్దు. ప్రేమ లేక కాదు. పక్కింటి దర్జీ పిల్ల "ఏమైనా కావాలా పెద్దమ్మా" అంటేనే నాకు చిరాకు. నువ్వొస్తే ముందు మంచినీళ్ళు అందిస్తావు, తర్వాత చెయ్యి పట్టుకుంటావు, ఆ తర్వాత నేను లేవడమే మరిచిపోతాను. గిడ్డంగి దగ్గర గది చూసుకో. ఆదివారాలు రా, వాదించుకుందాం.

నీ అమ్మమ్మ

* * *

ప్రియమైన అమ్మమ్మకి,

దయచేసి గడ్డి పీకకు. కారణం చెప్పకపోవడం నా బుద్ధితక్కువ. ఆ మొక్క వేళ్ళు పక్కనున్న గడ్డి వేళ్ళను పట్టుకుని నీళ్ళు తాగుతాయి. ఆకులు పచ్చనివే, ఎండలో తన తిండి కొంత తనే వండుకుంటుంది. అయినా గడ్డి లేనిదే పూత దాకా రాదు. రెండో కుండీనైనా వదిలెయ్.

గది వెతుక్కుంటున్నాను. అలిగే వెతుకుతున్నాను.

నీ పిచ్చుక

* * *

చిరంజీవి అలకల పిచ్చుకకి,

మొదటి కుండీ మొలకలు పాలిపోయి వాలిపోయాయి. పాపం నాదే. అయినా ఆ మొక్క సంగతి విన్నాక దాని మీద గౌరవం సగం పోయింది. పక్కవాళ్ళ వేళ్ళు పట్టుకుని పూసేదీ ఒక పువ్వేనా? ఆ గడ్డికి ఏమిటట లాభం? రెండో కుండీలో గడ్డి కనబడితే నా చెయ్యి ఊరుకుంటుందని మాటివ్వలేను.

నీ అమ్మమ్మ

* * *

ప్రియమైన అమ్మమ్మకి,

ఎన్నాళ్ళకో ఉత్తరం వస్తే అందులో రెండు ముక్కలు: కులాసా, వానలు బాగున్నాయి, తలుపులకు రంగు వేయిస్తున్నాను, రావద్దు. ఫోను ఎత్తి "బతికే ఉన్నా" అని పెట్టేస్తావు. స్కేలు పెట్టినట్టు రాసేదానివి, ఈ అక్షరాలు కోడి గీరినట్టున్నాయి. ఏం జరిగింది? జవాబు రాకపోతే రంగు ఆరినా ఆరకపోయినా వచ్చి తలుపు కొడతాను.

నీ పిచ్చుక

* * *

చిరంజీవి పిచ్చుకకి,

రంగు లేదు, పాడూ లేదు. రెండో కుండీలో కలుపు తీద్దామని వంగి, తడి గచ్చు మీద జారి పడ్డాను. కుడి మణికట్టు విరిగింది. చెబితే పరుగెత్తుకొస్తావని దాచాను. ఈ కోడిగీతలు ఎడమ చేతివి. కాబట్టి ఆ కుండీలో గడ్డి మిగిలింది నా వివేకం వల్ల కాదు. పీకే చెయ్యి లేక మిగిలింది. ఈ వారం అది పసుప్పచ్చగా పూసింది.

నన్ను లేవదీసింది దర్జీ పిల్ల. అప్పట్నుంచీ తలదువ్వి, తిండి పెట్టి, మిషను కూడా మన వసారాలోకే తెచ్చుకుంది. నిన్న కుండీ ముందు కూర్చుని అడిగాను, నా వల్ల నీకు నష్టమే కదే అని. సూదిలో దారం ఎక్కిస్తూ, తలెత్తకుండానే అంది: "మా ఇంట్లో మిషను చప్పుడు తప్ప ఇంకోటి వినబడదు పెద్దమ్మా. ఇక్కడ మీరు తిడుతూ ఉంటారు."

గడ్డికి ఏమిటి లాభమని నిన్నడిగానుగా, దానికి జవాబు రాయక్కర్లేదు.

ముందుగది ఖాళీ చేయించాను. ఆదివారం చుట్టంలా కాదు, సామానుతో రా. గింజలు ముదిరేసరికి ఇక్కడుండాలి. కట్టు విప్పాక నా చెయ్యి ఆ కుండీ వైపు పోతే అడ్డం కూర్చోవాలి. మంచినీళ్ళు అందించు, ఏమీ అనను. ఒక్కటి మాత్రం ముందే చెబుతున్నాను, వాదన పెట్టకు: ఈ ఇంట్లో మీరిద్దరూ గడ్డి. పువ్వు నేను.

నీ అమ్మమ్మ