మొదటి కుర్చీ

లీడ్స్,
6 డిసెంబరు 1936

ఎప్పటికీ నా మొదటి టీచరువైన పెద్దమ్మకు,

ఈ వారం ఉత్తరం ఆలస్యమైంది. పరీక్షల వల్ల అని రాద్దామనుకున్నాను కానీ అది అబద్ధం. నీకు చెప్పాల్సిన సంగతి ఒకటుంది. ఎలా మొదలుపెట్టాలో తెలియక కాగితం ముందు కూర్చోవడం, లేవడం, ఇదే పని. అందుకని ముందు ఎడ్వర్డు రాజుగారి సంగతి రాస్తాను. ఆ ఊపులో నాదీ రాసేస్తాను.

కాలేజీలో ఎవరూ పాఠాలు వినడం లేదు. గురువారం పేపర్లలో పడ్డ దగ్గర్నుంచి మా భోజనాల గది చేపల బజారులా ఉంది. రాజుగారు పెళ్ళాడతానంటున్న ఆ అమెరికా ఆవిడకు ఇదివరకే రెండు పెళ్ళిళ్ళయ్యాయి. ఆవిడా సింహాసనమూ రెండూ కుదరవు, ఏదో ఒకటి తేల్చుకోమని మంత్రులు అంటున్నారట. నా పక్క మంచం మ్యూరియల్ పొద్దున ఓట్స్ గంజిలో చెంచా తిప్పుతూ మొదలుపెట్టింది.

"దేశంలో ఆడపిల్లలు కరువయ్యారా ఈయనకి?"

"నిన్నింకా చూడలేదు కదే," అన్నాను.

"చూసినా లాభం లేదు తల్లీ. మా నాన్నది మాంసం కొట్టు. పట్టాభిషేకానికి కట్నంగా సాసేజీలు పంపాలి."

అందరం పగలబడి నవ్వాం. తర్వాత నేను మాత్రం, ఆయన సింహాసనాన్నే వదిలేస్తే చాలా గొప్పగా ఉంటుందన్నాను. త్యాగం అన్న మాటను ఈ మధ్య ఎక్కడ చూసినా ఆగి మళ్ళీ చదువుతున్నాను. చిన్న మాటే, కానీ లోపల ఎంత చోటుందో! నా జీవితంలో అంత పెద్ద మాట వాడే అవకాశం వస్తుందని ఎప్పుడూ అనుకోలేదు. ఇప్పుడు వచ్చింది.

పెద్దమ్మా, ఆర్నాల్డ్ నన్ను పెళ్ళి చేసుకుంటావా అని అడిగాడు. నవంబరులో ఇంటికొచ్చినప్పుడు, కాలవ గట్టు మీద. ఒప్పుకున్నాను. మిల్లులో అతన్ని మగ్గాల మేస్త్రీని చేశారు. మిల్లు వెనక వీధిలో ఇల్లు ఒకటి ఖాళీ అవుతోంది. బ్యాండులో కూడా కార్నెట్ బాకా ఊదేవాళ్ళలో మొదటి కుర్చీ అతనికే వచ్చింది. ఈస్టరుకు పెళ్ళి అంటున్నాడు.

నా టీచరు చదువు జూలైకి గానీ పూర్తి కాదు. కానీ పూర్తి చేసి ఏం చేస్తాను? పెళ్ళయిన ఆడదాన్ని మన ఊరి బళ్ళలో ఉంచుకోరు. పెళ్ళి కుదిరితే రాజీనామా ఇవ్వాల్సిందే. ఎంతమంది టీచర్లకు టీ కప్పుల సెట్టు ఇచ్చి, ఒక పాట పాడించి నువ్వే సాగనంపావు! "వాడని పనిముట్టు కొనడం దేనికి, విన్నీ?" అన్నాడు ఆర్నాల్డ్. అతను అన్నదాంట్లో తప్పు పట్టడానికి నాకేమీ దొరకలేదు. క్రిస్మస్‌కు వచ్చేటప్పుడు పెట్టె మొత్తం సర్దుకుని వచ్చేద్దామనుకుంటున్నాను.

ఒక్కటి మాత్రం నీకే చెప్పగలను. పిల్లలకు పాఠం చెప్పడం నేర్చుకోమని కాలేజీ వాళ్ళు మమ్మల్ని పంపే బడిలో ఒక పిల్ల ఉంది, ఎల్సీ అని, ఎప్పుడూ ముక్కు కారుతూ ఉంటుంది. మొన్న మంగళవారం అది తనంతట తాను మొదటిసారి ఒక వాక్యం చదివి, నా స్కర్టు పట్టుకుని లాగి, "టీచర్, ఇది మాట్లాడుతోంది!" అంది. పుస్తకాన్ని చూపించి. నేను బయటికి వెళ్ళి కోట్లు తగిలించే చోట నిలబడి ఏడ్చాను. సంతోషంతోనే అనుకున్నాను అప్పుడు. ఇప్పుడు దాని గురించి ఆలోచించకూడదని చూస్తున్నాను.

రాజే అంత పెద్దది వదులుకుంటుంటే నాదెంత? కోప్పడకుండా దీవించు.

నీ పెంపకం,
విన్నీ


హోల్మ్‌రాయ్డ్,
12 డిసెంబరు 1936

విన్నీ తల్లికి,

నీ ఉత్తరం అందింది. కోప్పడలేదు.

రాజు వదిలేశాడు. నిన్న రేడియోలో ఆయనే చెప్పాడు. పికిల్స్ వాళ్ళింట్లో విన్నాం. వీధిలో సగం మంది అక్కడే ఉన్నారు. ఆయన ముగించేసరికి మిసెస్ పికిల్స్ ఏప్రన్‌తో కళ్ళు ఒత్తుకుంటూ, "ఎంత ప్రేమ! ఎంత ప్రేమ!" అంది.

"నేను మాత్రం నీకోసం వదల్లేదా ఏంటి?" అన్నాడు మొగుడు.

"ఏం వదిలావయ్యా? ఆ పైపు వదలమని పెళ్ళయిన కాణ్ణుంచి మొత్తుకుంటున్నా. ఇప్పుడు కూడా నోట్లోనే ఉంది."

అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు, ఏడుపూ రాలేదు. మా బడిలోంచి పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయిన పిల్లలు ఒక్కొక్కరే గుర్తొచ్చారు. వాళ్ళలో ఇద్దరు నాకన్నా మంచి టీచర్లు. వాళ్ళు కూడా ప్రేమ కోసమే వదిలారు. ఎవరూ రేడియో పెట్టుకుని వినలేదు. రాజు వదిలితే త్యాగం అంటున్నారు. వాళ్ళ గురించి "మానేసింది" అన్నాం. నేనూ అలాగే అన్నాను.

ఇప్పుడు నీకొక సంగతి చెబుతాను. నన్నెవరూ పెళ్ళి చేసుకుంటానని అడగలేదని ఊరంతా అనుకుంటుంది. నువ్వూ అలాగే అనుకుని ఉంటావు. అడిగారు. అదీ ఈ రాజు తండ్రి పట్టాభిషేకం ఏడాది, 1911లో. పిల్లలకు టీ, బన్నులు పంచి బల్లలు సర్దుతున్నాం. అడిగినవాడు ఆమోస్ హెలివెల్. అవును, ఇప్పుడు మీ ఆర్నాల్డ్‌కు బ్యాండ్ మాస్టరుగా ఉన్న హెలివెల్ గారే. అప్పుడు ఆయన వడ్రంగం చేసేవాడు, మొదటి కార్నెట్ ఊదేవాడు. బడి బల్లలు విరక్కపోయినా బాగుచేయడానికి వచ్చేవాడు.

పెళ్ళంటే బడి వదలాలి. వదలలేను అన్నాను. ఆయన టోపీ పెట్టుకుని వెళ్ళిపోయాడు. మరుసటి ఏడాది వేరే అమ్మాయిని చేసుకున్నాడు. ఇద్దరు కూతుళ్ళు, ఇద్దరికీ నేనే అక్షరాలు నేర్పాను. ఆయన బాగానే ఉన్నాడు. నేనూ బాగానే ఉన్నాను. ఆదివారం మధ్యాహ్నాలు కొంచెం పొడుగ్గా ఉంటాయి, అంతే.

చేసింది తప్పని ఎప్పుడూ అనుకోలేదు, ఇప్పుడూ అనుకోను. కానీ నీ ఉత్తరం చదివాక ఒకటి తట్టింది. అన్ని ఊళ్ళలో ఆ రూలు అప్పుడు లేదు. బల్లలు చేసేవాడికి ఎక్కడైనా పని దొరుకుతుంది. అలాంటి ఊరికి నాతో వస్తావా అని నేను ఆయన్ని అడగలేదు. బ్యాండు వదలడులే అని నేనే అనుకున్నాను. అసలు అడగొచ్చన్న ఆలోచనే రాలేదు. ఇరవై అయిదేళ్ళు పట్టింది రావడానికి.

లండన్ కౌన్సిల్ పోయినేడాది ఆ రూలు ఎత్తేసింది. పెళ్ళయినవాళ్ళు కూడా అక్కడ బళ్ళలో ఉండవచ్చు. చదువు మానాలో వద్దో నేను చెప్పను, అది నీ ఇష్టం. మానే ముందు మాత్రం ఆర్నాల్డ్‌ను ఒక్క మాట అడుగు. నాకోసం నువ్వేం వదులుతావు అని. ఏ జవాబు వచ్చినా అడగకపోవడం కన్నా మేలే.

వచ్చే మేలో జరగాల్సిన పట్టాభిషేకానికి పిల్లలకివ్వాల్సిన కప్పులు పోయిన వారమే వచ్చాయి. అన్నిటి మీదా వెళ్ళిపోయిన రాజు బొమ్మే. తిప్పి పంపాలని కమిటీ గోల. పాలు ఇందులోనూ పడతాయి అన్నాను.

క్రిస్మస్‌కు వచ్చినప్పుడు ఇదంతా మాట్లాడుకోవద్దు. పుడ్డింగ్ పని చాలా ఉంటుంది.

ప్రేమతో,
హెస్టర్ పెద్దమ్మ


లీడ్స్,
21 ఫిబ్రవరి 1937

బంగారు పెద్దమ్మకు,

నువ్వన్నట్టే సెలవుల్లో మనం ఒక్క మాటా అనుకోలేదు. పుడ్డింగ్ కలుపుతూ ఒకరి మొహం ఒకరం చూడకుండా తిరిగాం. మన ఇంట్లో అసలు సంగతులన్నీ పోస్టులోనే నడుస్తాయి కాబట్టి, జరిగింది ఇప్పుడు రాస్తున్నాను.

అడిగాను పెద్దమ్మా. క్రిస్మస్ పొద్దున, బ్యాండు వీధివీధికీ తిరిగి కీర్తనలు వాయించడం అయ్యాక. చలికి అతని పెదవులు నీలంగా ఉన్నాయి.

"లండనా? నన్నక్కడికి ఎవడు రమ్మన్నాడు?" అన్నాడు.

"అక్కడైతే నన్ను బళ్ళో ఉండనిస్తారు."

"మరి నా బ్యాండో? పిల్లాడిగా చేరాను విన్నీ. ఇన్నాళ్ళకి మొదటి కుర్చీ ఇచ్చారు. మేలో కొత్త రాజు పట్టాభిషేకం ఊరేగింపు, సెప్టెంబరులో మాంచెస్టర్ పోటీ. ఇప్పుడు లేచి వచ్చెయ్యమంటావా?"

"నన్ను వచ్చెయ్యమన్నావుగా?"

"నేనేమన్నా రాజునా? ఆయనకి ఆ కుర్చీ పోతే ఇంకో కోట. నాకున్నది ఈ కుర్చీ ఒక్కటే!"

"నాకున్నదీ ఒక్కటే ఆర్నాల్డ్," అన్నాను.

అతను బాకా పెట్టె చంకన పెట్టుకుని వెళ్ళిపోయాడు. నేను ఇంటికొచ్చి నీతో కూర్చుని ఎప్పటిలాగే బాతు మాంసం తిన్నాను. నీకు తెలిసిపోయిందని నాకు తెలుసు. నా పళ్ళెంలో రెండో ముక్క అడక్కుండానే వేశావు.

జనవరిలో కాలేజీకి తిరిగొచ్చేటప్పుడే తేల్చుకున్నాను. అతను వచ్చినా రాకపోయినా జూలై దాకా చదువుతాను. తేల్చుకున్నాక బాధ తగ్గుతుందనుకున్నాను, తగ్గలేదు. అతని దగ్గర్నుంచి ఒక్క ఉత్తరం లేదు. మ్యూరియల్ నాకోసం వాళ్ళింటి సాసేజీలు తెప్పించింది. ఎల్సీ ఇప్పుడు కొట్ల మీద బోర్డులు కూడా చదువుతోంది. ట్రాము కోసం నిలబడితే పక్కనుంచి గట్టిగా చదివి వినిపిస్తుంది, సారా బోర్డులతో సహా.

నిన్న శనివారం మధ్యాహ్నం నాకోసం ఎవరో వచ్చారని కబురు పెట్టారు. గేటు దగ్గర ఆర్నాల్డ్. ఆదివారం కోటు వేసుకుని ఉన్నాడు. నాకు ముందుగా కనపడ్డవి అతని చేతులు. ఖాళీగా ఉన్నాయి. బాకా పెట్టె లేకుండా అతన్ని నేనెప్పుడూ శనివారం పూట చూడలేదు.

టీ దుకాణానికి వెళ్ళాం. చాలాసేపు పంచదార గిన్నెను అటూ ఇటూ జరిపి, చివరికి చెప్పాడు. లండన్‌లో యంత్రాలు బాగుచేసే పని దొరికిందట. జీతం మిల్లులోకన్నా కాస్త తక్కువ. వచ్చే సోమవారం వెళ్తున్నాడు. నా చదువయ్యాక ఆగస్టులో పెళ్ళి చేసుకుందామన్నాడు.

"ఒక ఉత్తరం ముక్క రాయడానికేం?" అన్నాను.

"రాద్దామనే కూర్చున్నా. ప్రియమైన విన్నీ దాకా బాగానే వచ్చింది."

"ఊళ్ళో ఏమంటున్నారు?"

"ఎడ్వర్డు రాజుగారూ అని పిలుస్తున్నారు. మిల్లు గేటు దగ్గర టోపీలు తీసి వంగి దణ్ణాలు. మొన్న ఒకడు నా సైకిలు ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు."

"బాధగా ఉందా?"

"ఉంది," అన్నాడు. "లేదని చెప్పడానికి రాలేదు."

అతను అలా అన్నందుకు నాకు అతని మీద ఎంత ఇష్టం కలిగిందో మాటల్లో పెట్టలేను. ఇన్ని మాటలు నేర్చుకుని ఏం లాభం?

తర్వాత జేబులోంచి చిన్న వెండి ముక్క తీశాడు. బాకాకు చివర బిగించి, పెదవులకు ఆనించి ఊదేది. బాకా లేకుండా ఉత్త దాన్నే నోట్లో పెట్టుకుని క్రిస్మస్ కీర్తన ఊదాడు. అచ్చం బాతు అరిచినట్టుంది. దుకాణమంతా తిరిగి చూసింది. టీ తెచ్చిన ఆవిడ బల్ల మీద కెటిల్ పెడుతూ, "ఇదిగో అబ్బాయ్, నీ బాతుని బయట కట్టేసి రా," అంది. నవ్వీ నవ్వీ నాకు ఏడుపొచ్చింది.

ఈ ముక్క అతని దగ్గరికెలా వచ్చిందని అడిగాను. బ్యాండు వదిలేవాళ్ళు బాకా మొత్తం అప్పగించాలి కదా. అప్పుడు చెప్పాడు. అతను చెప్పింది నీకు రాయాలా వద్దా అని పొద్దున్నుంచి ఆలోచించాను. చివరికి, ఆ సంగతి నీది, నా దగ్గర దాచుకునే హక్కు నాకు లేదనిపించింది.

బాకాను తోమి, పెట్టెలో పెట్టి హెలివెల్ గారింటికి తీసుకెళ్ళాడట. ఆయన తెరిచి అంతా సరిచూసుకుని, "లండన్ పోవాలని నువ్వే అనుకున్నావా, ఆ పిల్ల అడిగిందా?" అన్నాడట.

"అడిగింది," అన్నాడు ఆర్నాల్డ్.

ఆయన ఆ వెండి ముక్కను తీసి, తోమిన దాన్నే మళ్ళీ చొక్కా అంచుతో చాలాసేపు తుడిచాడట. తర్వాత దాన్ని ఆర్నాల్డ్ చేతిలో పెట్టి వేళ్ళు మూశాడట.

"అదృష్టవంతుడివిరా. నన్ను అడగలేదు. అడిగుంటే ఆ సాయంత్రమే నా పెట్టె సర్దేవాణ్ణి."

ఎవరి గురించి అన్నాడో ఆర్నాల్డ్‌కు తెలియదు. నేను చెప్పలేదు.

ఈస్టరుకు వస్తున్నాను పెద్దమ్మా. ఆదివారం మధ్యాహ్నం టీ పెట్టుకుని, ఈసారి మాట్లాడుకుందాం. అప్పుడు పుడ్డింగ్ పని కూడా ఉండదు.

నీ విన్నీ