సోఫా లేని సినిమా

24 నవంబర్ 1995, శుక్రవారం

ఈ రోజు మూడు తీశాను. మొత్తం 31.

ఇక్కడ గల్ఫ్‌లో, ఫరీజ్ బిన్ మహమూద్ పేటలో నిసార్ బావ వీడియో షాపు. వెనక గది నా స్టూడియో. ఎర్ర సోఫా, ప్లాస్టిక్ గులాబీలు. మగవాళ్ళందరికీ ఒకే నీలం కోటు, ఒకే బంగారు రంగు వాచీ. ఆడవాళ్ళకు అక్క పట్టుచీర. డ్రైవర్లు, పనిమనుషులు వచ్చి కూర్చుని, ఇక్కడ అంతా బాగుందని ఊరికి పంపే క్యాసెట్టులో చెబుతారు. నేను తీస్తాను. కడపలో బీఏ చదివింది ఇందుకా అంటుంది అక్క. ఇందుకే.

2 డిసెంబర్

ఫిన్లాండ్ మేడమ్ ఒకావిడ కాపీ చేయమని నాలుగు పాత సినిమాలిచ్చింది. బ్లాక్ అండ్ వైట్. ఒక్క ముక్క అర్థం కాలేదు, నాలుగూ చూశాను. నాలుగూ ఒకే డైరెక్టరువి. ఇరవై నిండకుండానే మొదటి సినిమా తీశాడట, మేడమ్ చెప్పింది. మొత్తం నలభైకి పైనే. మొదటిది నచ్చక, స్నేహితుడితో కలిసి తనే సముద్రంలో పడేశాడట.

పడేయాలన్నంత కోపం నాకు నా సినిమాల మీద ఎప్పుడూ రాలేదు.

19 డిసెంబర్

డ్రైవర్ నాగప్ప షాపు మీదికి వచ్చాడు. వాళ్ళ ఊళ్ళో అతని క్యాసెట్టు, అదే ఊరి జలంధర్ క్యాసెట్టు ఒకే రోజు, ఒకే టీవీలో వేశారట. మన సోఫాలో వాడెందుకు కూర్చున్నాడు, నీ కోటు వాడెందుకు తొడుక్కున్నాడు అని పెళ్ళాం అడిగిందట. ఊరంతా పడీ పడీ నవ్విందట.

సోఫాకు పచ్చ కవరు కొందామన్నాడు బావ.

29 డిసెంబర్

గురవమ్మ వచ్చింది. ఉమ్ ఘువైలినాలో ఒక ఇంట్లో పని చేస్తుంది. దసరాకు ముందు నేనే తీశాను, నంబర్ 17. అది చూసి కూతురు అనంతలక్ష్మి రాసిన ఉత్తరం నాతో చదివించుకుంది. పదో తరగతి మానేస్తుందట. పాస్‌పోర్టుకు ఫోటో కూడా దిగిందట. నేనూ వచ్చి ఆ సోఫాలో కూర్చుంటానమ్మా అని రాసింది.

కాలు మీద కాలేసుకోమని గురవమ్మకు చెప్పింది నేనే.

ఇంగొకటి తియ్ పాపా, అంది. పట్టుచీరా వద్దు, సోఫా వద్దు, నేను చేసే పని తియ్.

మాఫీ, కుదరదు, అన్నాడు బావ. అట్లాంటిది చూపిస్తే రేపు మన గడప తొక్కేదెవరు? కెమెరా నాది, అన్నాడు. కళ్ళు నావి, అన్నాను.

5 జనవరి 1996, శుక్రవారం, 11.30

బావ నమాజుకు వెళ్ళాడు. కెమెరా మా వంటింట్లో ఉంది. గుమ్మంలో అక్క కాపలా. గురవమ్మ డ్యూటీ గౌనులోనే వచ్చింది.

అదే రోజు, సాయంత్రం

యాక్షన్ అనలేదు. ఆమె మోకాళ్ళ మీద కూర్చుని నేలంతా తుడిచింది. బ్లీచింగుకు పగిలిన అరచేతులు లెన్సు ముందు పెట్టింది. నేల మీద చరిచి, చూస్తివా మే లచ్చిమీ, ఇదే నా సోఫా, అంది. నీకూ ఈ చేతులే కావాలంటే రా, వద్దంటే పుస్తకం ముందర కుచ్చో, అంది. నేనూ కెమెరాతో నేల మీదికి దిగాను. బొమ్మ కాస్త కదిలి ఉంటుంది. ఉండనీ.

ఆపాక, నా కొప్పు బాగా పడిందా పాపా, అని అడిగింది.

6 జనవరి

గురవమ్మ వాళ్ళ ఊరికి పోతున్న డ్రైవర్ షఫీ సూట్‌కేసులో క్యాసెట్టు వెళ్ళిపోయింది. బావకు తెలిసింది. కెమెరా బీరువాలో పెట్టి తాళం వేశాడు. నీ పెళ్ళాం కూడా కాపలా ఉందని చెప్పాను. అక్క తలెత్తి ఆయన వైపు చూసింది. ఆయన టీ తాగకుండా వెళ్ళాడు.

9 ఫిబ్రవరి

సముద్రం ఒడ్డున కార్నీష్ రోడ్డుకు వెళ్ళాం. నంబర్ 17 మాస్టర్ క్యాసెట్టు బ్యాగులో తీసుకెళ్ళి సముద్రంలోకి విసిరాను. పిచ్చి పట్టిందా షబానా అంది అక్క. పెద్ద డైరెక్టర్లు ఇలాగే చేస్తారన్నాను.

22 మార్చి

షఫీ తిరిగొచ్చాడు. గురవమ్మకు ఒక జిరాక్సు కాగితం తెచ్చాడు. అనంతలక్ష్మి పదో తరగతి హాల్ టికెట్. దాని మీద ఫోటో, పాస్‌పోర్టు కోసం దిగిందే.

కెమెరా ఇంకా బీరువాలోనే ఉంది. నేను బయటే ఉన్నాను.

మొత్తం 1.