నక్షత్ర చేప ఐదో చెయ్యి

తమ్ముడూ,

డబ్ల్యూఆర్ఎస్ రైల్వే కాలనీలో క్వార్టర్ ఖాళీ చేసి బీర్‌గావ్‌కి మారాం. సామాను సర్దుతుంటే ట్రంకుపెట్టె అడుగున నీ సముద్రం పుస్తకం దొరికింది. నువ్వు పోయాక అమ్మే దాచేసింది. ఇప్పుడు అమ్మకి కళ్లు కనపడవు. అయినా అడిగి మరీ ఒళ్లో పెట్టించుకుంది.

బొమ్మల మీద బటర్ పేపర్ పరిచి పెన్సిల్ అదిమి గీసేవాడివి కదా. ఆ గీతల గాడి ప్రతి పేజీలోనూ అలాగే దిగి ఉంది. రోజూ మధ్యాహ్నం అమ్మ దాని వెంట వేలు నడుపుతుంది. శంఖం, పీత, సముద్రపు గుర్రం. చివర నక్షత్ర చేప. దానికి నాలుగు చేతులే గీశావు. "విశాఖ రైలుకి టైమైపోయింది, అసలు సముద్రమే చూద్దువుగాని లే" అంటూ అమ్మ నీ చేతిలో పెన్సిల్ లాక్కుంది. ఆ సముద్రం నుంచి నువ్వు తిరిగి రాలేదు.

నిన్న నేను ఆ పేజీ తడిమితే ఐదో చెయ్యి తగిలింది.

"ఇదెవరు గీశారమ్మా?"

"ఆడేనే. రోజూ వచ్చి కొంచెం కొంచెం గీస్తన్నాడు. ఇంకో వేలెడుంది. పూరా చేసేస్తాడు."

ఆ గాడి వంకరగా ఉంది. నీ పెన్సిల్ గాడంత సన్నగా లేదు. అమ్మ చూపుడువేలి గోరు ఒక పక్కకి అరిగి ఉంది.

ఇవాళ ఆదివారం, అమ్మకి గోళ్లు తీసే రోజు. తొమ్మిది వేళ్లకి తీసి, ఆ ఒక్కటీ వదిలేశాను.

అక్క