ముఖం పెట్టకుండా అమారో

జూన్ 1, ఆదివారం. మాసన్ లేక్స్.

ఇరవై తొమ్మిదిన మార్కో వాళ్ళింట్లో మధ్యాహ్నం భోజనం. మార్కో అంటే మా రుచిత పెళ్ళి చేసుకుంటానంటున్న అబ్బాయి. ఇటాలియన్ల పిల్లాడు, ఇక్కడే అడిలైడ్‌లో పుట్టాడు. వాళ్ళ నాన్న బ్రూనో భోజనమయ్యాక అందరికీ అమారో అని ఒక నల్లటి చేదు మద్యం పోస్తాడట. మూలికలు నానబెట్టి ఆయనే స్వయంగా చేస్తాడట. అది వద్దంటే సంబంధం వద్దన్నట్టేనట.

రుచిత ఫోన్‌లో బతిమాలింది. "డాడ్, జస్ట్ డ్రింక్ ఇట్. అండ్ నో ఫేస్, ప్లీజ్. మార్కో ఆల్రెడీ థింక్స్ యు హేట్ హిమ్."

నా ముఖం అలాంటిది. లోపల ఏముంటే అది పైకి వచ్చేస్తుంది. మార్కో మొదటిసారి మా ఇంటికి వచ్చినప్పుడు నేను ఒక్క మాట కూడా అనలేదు. "మాటెందుకండీ, ఆముదం తాగిన మొహం పెట్టారుగా," అంది మా ఆవిడ వసుంధర.

ఆ అబ్బాయి మీద నాకు కోపం లేదు. కానీ ఎప్పుడూ నవ్వుతూనే ఉంటాడు, దేనికీ కాదనడు. అలాంటివాణ్ణి ఎలా నమ్మడం?

తీర్మానం: నెలాఖరుకల్లా అమారో ఇష్టంగా తాగడం నేర్చుకోవాలి. రోజూ ఒక చిన్న గ్లాసు. ముఖం కదలకూడదు. నీళ్ళు శుద్ధి చేసే ప్లాంట్లు కట్టి రిటైరైనవాణ్ణి, నాకిదో లెక్కా!

జూన్ 2, సోమవారం

సీసా కొన్నాను. షాపు అబ్బాయి పాఠం చెప్పాడు. ఈ చేదు మద్యాల్లో ఎర్రవి భోజనానికి ముందు, సోడా, ఐసు, నారింజ ముక్కతో. ఆకలి పుట్టడానికి. నల్లవి భోజనం తర్వాత, ఉత్తవే. అరగడానికి. ముందు వాసన చూడాలి. చప్పరించాలి. గుటుక్కున మింగకూడదు. మొదట చేదు, తర్వాత నారింజ, ఆపైన పుదీనా తెలుస్తాయట.

సాయంత్రం 7.00: అద్దం ముందు మొదటి గుటక.
7.01: చేదు.
7.05: ఇంకా చేదే. నారింజ రాలేదు.

వసుంధర మద్యం ముట్టదు. మూత తీసి వాసన చూసింది. "మా అమ్మమ్మ బాలింతలకి కాచే కషాయమే," అని మూత పెట్టేసింది.

జూన్ 4, బుధవారం

ప్రగతి! ఎడమ కన్ను మూసుకుపోలేదు. కుడి కన్ను సంగతి రేపు చూస్తాను.

జూన్ 7, శనివారం

ఐసు వేశాను. నారింజ తొక్క వేశాను. అవి పాఠంలో ఉన్నవే. నిమ్మ సోడా, ఉప్పు, జీలకర్ర పొడి కూడా వేశాను. అవి లేవు.

చివరికి చిన్నప్పటి పద్ధతి. ముక్కు మూసుకుని ఒక్క గుక్కలో ఎత్తేసి, వెంటనే బెల్లం ముక్క. ముఖం కదల్లేదు! కానీ కాబోయే వియ్యంకుడి ఎదుట ముక్కు మూసుకుంటే ఏం బాగుంటుంది?

జూన్ 9, సోమవారం

బ్రిటన్ రాజుగారి పుట్టినరోజు, దేశమంతా కాకపోయినా మా రాష్ట్రానికి సెలవు. నేనూ తీసుకున్నాను.

జూన్ 12, గురువారం

గొంతు నొప్పి. తాగలేదు. గొంతు నొప్పికి ఇదే మంచి మందని వసుంధర అంది. ఆమెతో ఈ విషయం చర్చించదలచుకోలేదు.

జూన్ 15, ఆదివారం

రోజూ మానకుండా ఒక గ్లాసు పోస్తున్నాను. వరండాలో ఉన్న కరివేపాకు కుండీలో. సీసా తగ్గుతున్న కొద్దీ ఇంట్లో నా మీద గౌరవం పెరుగుతోంది.

రుచిత ఫోన్. "మమ్ చెప్పింది, హాఫ్ బాటిల్ అయిపోయిందట! సో ప్రౌడ్ ఆఫ్ యు, డాడ్!"

సిగ్గేసింది. రేపటి నుంచి నిజంగా తాగుతాను.

జూన్ 16, సోమవారం

రేపటి నుంచి.

జూన్ 20, శుక్రవారం

కరివేపాకు చెట్టు ఆకులు రాలుస్తోంది. ఇక్కడ జూన్ అంటే చలికాలం; వసుంధర దాన్ని ఏటా పాత దుప్పటి కప్పి బతికించుకుంటుంది. చుట్టుపక్కల తెలుగువాళ్ళంతా రెమ్మ కావాలంటే మా ఇంటికే వస్తారు.

"ఏమండీ, దీనికేదో తెగులు పట్టింది. మట్టి కూడా అదోలా వాసనొస్తోంది."

"చలి," అన్నాను.

"మీ మొహమేంటి అలా ఉంది?"

తేలు కుట్టిన దొంగలా లోపలికి వచ్చేశాను.

జూన్ 28, శనివారం

రేపే. సాధన: లేదు. ముఖం: పాతదే.

జూన్ 29, ఆదివారం. సాయంత్రం.

భోజనం బాగా జరిగింది. తర్వాత బ్రూనో లేబుల్ లేని సీసా తెచ్చి చిన్న గ్లాసుల్లో పోశాడు. రుచిత నా ముఖం మీంచి చూపు తిప్పడం లేదు.

గుటుక్కున ఎత్తేశాను. ముఖం కదల్లేదు! గండం గడిచిందనుకున్నాను.

"బ్రావో! హీ లవ్స్ ఇట్!" అంటూ బ్రూనో మళ్ళీ నింపాడు.

మన విస్తరి దగ్గరా అంతే కదా, ఖాళీ చేస్తే వడ్డిస్తారు. ఆ మాత్రం నాకు తట్టి ఉండాల్సింది. రెండోదీ ఎత్తేశాను. మూడోది వచ్చింది.

మూడోది గొంతులో నిలబడిపోయింది. కళ్ళు మూసుకుపోయాయి. ముక్కు, మూతి తలో దిక్కుకీ పోయాయి.

రుచిత తల దించుకుంది. దాని కళ్ళలో నీళ్ళు చూసి నా ప్రాణం చివుక్కుమంది.

"యు డోంట్ లైక్?" అన్నాడు బ్రూనో.

"సారీ, బ్రూనో. వెరీ బిట్టర్. కానీ ఈ ముఖం మీ అబ్బాయి గురించి కాదు," అన్నాను ఇంగ్లీషులో.

అప్పుడు మార్కో తన గ్లాసు ఎత్తి ఒక గుటక మింగాడు. ఎప్పుడూ నవ్వే ఆ ముఖం నాకంటే ఘోరంగా ముడుచుకుపోయింది.

"ఐ హేట్ ఇట్ టూ, పాపా. ఇన్నాళ్ళూ నాదంతా దానికే పోశాను," అని ఇంగ్లీషులో చెప్పి, కిటికీ బయట కుండీలో ఉన్న నిమ్మచెట్టుని చూపించాడు.

బ్రూనో చెట్టుని చూశాడు. కొడుకుని చూశాడు. ఇటాలియన్‌లో ఏదో అన్నాడు. నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు, కానీ మా నాన్న తెలుగులో అదే అనేవాడు.

నాకు నవ్వు ఆగలేదు. "మైన్ ఈజ్ కరివేపాకు!" అనేశాను, పక్కన వసుంధర ఉందన్నది మరిచిపోయి.

ఆమె చూసిన చూపు ఇక్కడ రాయను. నెమ్మదిగా నా గ్లాసు తన వైపు లాక్కుంది. వాసన చూసింది. చప్పరించింది. ముఖం కదల్లేదు. "శొంఠి ఉంది. నారింజ తొక్క కూడా వేసినట్టున్నారు," అంది. బ్రూనో లేచి నిలబడి మరీ ఆమెకి ఇంకో గ్లాసు పోశాడు.

"నువ్వు మద్యం ముట్టవుగా?" అన్నాను.

"కషాయమేగా," అంది.

మార్కో నాకు నచ్చాడు. కాదనడం కూడా వచ్చిన పిల్లాడు. బయల్దేరేటప్పుడు రుచిత నా బుగ్గ గిల్లి, "గుడ్ ఫేస్, నాన్నా," అంది.

జూన్ 30, సోమవారం

పెళ్ళి డిసెంబరులో. విందులో వియ్యంకులిద్దరూ లేచి అందరి ఎదుటా చెరో గ్లాసు అమారో తాగాలని బ్రూనో కోరిక. సీసా అప్పుడే ఇచ్చి పంపాడు.

తీర్మానం, మళ్ళీ మొదటి నుంచి: రోజూ ఒక గ్లాసు. అద్దం ముందు. చప్పరిస్తూ. ముఖం కదలకుండా.

కరివేపాకు కుండీ మా పడకగదిలోకి మారింది, వసుంధర వైపు.

శనివారాలు మార్కో కూడా వచ్చి నాతో కలిసి సాధన చేస్తానన్నాడు. వస్తూ వస్తూ ఆ నిమ్మచెట్టుని కుండీతో సహా తెస్తాడట. దానికి అలవాటే కదా.