చెక్క మీద దెబ్బ వినపడేదాకా

గోడౌను గేటు గది,
తొమ్మిదో తేదీ, సోమవారం.

బావకి,

నీ బావమరిది నమస్కారం. ఉత్తరానికి ముందు నమస్కారం ఉండాలంటారు కాబట్టి పెట్టాను, తీసుకో. నువ్వూ మా చెల్లీ బాగున్నారని నీ మనవరాలు చెప్పింది కాబట్టి ఆ సంగతి అడగను. నేనూ బాగానే ఉన్నాను. మోకాళ్ళు తప్ప మిగతావన్నీ ఇంకా నా మాట వింటున్నాయి.

ఇక అసలు సంగతి. ముప్పై ఒక్క ఏళ్ళ కిందట, ప్రెస్సులో అచ్చు యంత్రం ఎక్కించిన రోజు, ఆసుపత్రి వరండాలో మన బరువులెత్తే జట్టు పన్నెండు మంది ముందు నువ్వొక మాట అన్నావు. వాడి ఊపిరి తెగింది, అందుకే నా వేళ్ళు పోయాయి అన్నావు. నా ఊపిరి తెగలేదు. ఆ రోజూ చెప్పాను, ఈ రోజూ చెప్తున్నాను. నన్ను తాగుబోతు అను, దొంగ అను, దులుపుకుని పోతాను. పాట చెప్పేవాణ్ణి పట్టుకుని ఊపిరి లేదనడం, ఈతగాణ్ణి నీళ్ళంటే భయం అనడం లాంటిది. ఆ మాట పట్టుకుని మేస్త్రీ మర్నాటి నుంచే నన్ను పాటలోంచి తీసేశాడు. నా బదులు నిలబెట్టినవాడి గొంతు తుప్పు పట్టిన గడియ. అది విని బరువు దానంతటదే లేచి నడిచిపోతుందేమో అనుకునేవాణ్ణి. నేనొక గేటు చూసుకుని కుర్చీలో కూర్చున్నాను. మీ గడప తొక్కలేదు. మా చెల్లి రెండు సార్లు కబురు పెట్టినా తొక్కలేదు. అది నా పౌరుషం, దాన్ని నువ్వేమన్నా పడతాను.

నా అక్షరాలు చూసి నవ్వకు. అవి పెట్టెల మీద చూసి నేర్చుకున్నవి, అందుకే ఇంత లావు. ఈ వైపు పైకి, తడి తగలనివ్వద్దు, ఇవి తప్ప నేను ఎప్పుడూ ఏదీ రాసింది లేదు. ఈ కాగితం మూడు రోజులుగా రాస్తున్నాను.

మా గేటుకి ఎదురుగా ఒక దర్జీ ఉన్నాడు. మిషను తొక్కుతూ ఫోనులో పాటలు పెట్టుకుంటాడు. ఎవరో ఒక పిల్ల పాటలంటే వాడికి మహా ఇష్టం. ప్రతి శుక్రవారం ఒకటి పెడుతుందట, అందుకని దానికి శుక్రవారం పిల్ల అని పేరు పెట్టాడు. అన్నీ వేరేవాళ్ళు పాడిన పాటలే, తను మళ్ళీ పాడుతుంది. ఇంకొకరి పాట పాడటంలో గొప్పేముందిరా అన్నాను ఒకసారి. ఇంకొకరి చొక్కా విప్పదీసి తన కొలతకి కుట్టుకుంటుంది తాతా, ఆ పని ఎంత కష్టమో నన్నడుగు అన్నాడు. వాడి పని వాడికి గొప్ప కదా అనుకున్నాను.

పోయిన నెల ఒక శుక్రవారం కుర్చీలో ఉండగా వాడి కొట్లోంచి వినపడింది, బరువెవరిదిరా, భూమిదే, భుజమెవరిదిరా, మనదే. బావా, నేను కుర్చీలోంచి లేచాను. మోకాళ్ళకి చెప్పకుండానే లేచాను. రోడ్డు దాటి వెళ్ళి వాడి చేతిలోంచి ఫోను లాక్కున్నాను. ఇరవై ఏళ్ళ పిల్ల, బట్టలు వేలాడుతున్న బీరువా తలుపు ముందు నిలబడి, మన పాట పాడుతోంది. ముక్కు మా చెల్లిది. అప్పుడే తెలిసింది శుక్రవారం పిల్ల ఎవరో.

తర్వాత నిలుపు వచ్చింది. పాట చివర ఒకే స్వరం పట్టుకుని సాగదీసింది. దర్జీ కత్తెర కింద పెట్టేశాడు. లక్షల మంది ఆ ఒక్క చోటే మళ్ళీ మళ్ళీ చూస్తున్నారట, ఊపిరి ఎక్కడ దాచుకుందీ పిల్ల అని రాస్తున్నారట. అంతసేపు ఎందుకు లాగాలి తాతా, పాట ఎప్పుడో అయిపోయిందిగా అని వాడు అడిగాడు. వాడికి చెప్పినట్టే నీకూ చెప్తాను, ఒకవేళ మర్చిపోయావేమో. నేను చరణం చెప్పేటప్పుడు ఎవరూ లాగరు, ఊపిరి తీసుకుంటారు. వంత అందుకున్నప్పుడు అందరూ ఒక్కసారి లాగుతారు, బరువు జానెడు లేస్తుంది. అప్పుడు నేను నిలుపు పడతాను. అది నడిచినంతసేపు తాడు ఎవరూ వదలరు. ఆ సందులో ఒకడు బరువు కిందికి చెయ్యి పెట్టి అడ్డుచెక్క దోపుతాడు. చెయ్యి బయటికి తీసుకుని చెక్క మీద ఒక్క దెబ్బ వేస్తాడు. ఆ దెబ్బ వినపడ్డాకే నేను ఆపాలి. నేను ఆపితే తాడు వదులవుతుంది. ఆ ఒకడు మా బావ అని చెప్పాను. అంతకు మించి చెప్పలేదు.

ఫోనులో పిల్ల నిలుపు పట్టుకుని పక్కకి చూస్తోంది. అక్కడ ఎవరున్నారో కనపడదు. ఎంతకీ ఆపదు. అప్పుడు టక్ మని చెక్క మీద దెబ్బ. అప్పుడు ఆపింది. దర్జీకి అది ఏదో పడ్డ చప్పుడులా వినిపించింది. నాకు కాదు. మూడు వేళ్ళ చెయ్యి కొట్టిన దెబ్బ వేరుగా ఉంటుంది.

దర్జీ ఊరుకోకుండా ఆ పాట కింద, ఈ పాట చెప్పిన పెద్దాయన మా ఎదురు గేటు దగ్గరే ఉన్నాడు అని రాశాడు. పోయిన గురువారం పిల్ల దిగింది. కళ్ళద్దాల కొట్లో పని చేస్తుందటగా, సెలవు పెట్టి వచ్చిందట. తాతయ్యా అని పిలిచి, బోర్లించిన పెట్టె మీద కూర్చుంది. ముందు మా చెల్లి కబురు అప్పజెప్పింది. మా అన్నకి గొంతు పెద్దది, చెవి చిన్నది, గట్టిగా చెప్పి రా అని పంపిందట. ముసలితనం వచ్చినా దాని నోటికి రాలేదు.

పిల్ల నాకు నచ్చింది బావా. గొప్పలు చెప్పదు. మొదటి పాట పదకొండు మంది చూశారట, అందులో ఏడుగురు చుట్టాలే, మిగతా నలుగురు దారి తప్పి వచ్చి ఉంటారు తాతయ్యా అంది. ఫోనుని స్టూలుకి బట్టల క్లిప్పులతో బిగించి, గది మోగకుండా బీరువా తెరిచి దుప్పట్లు వేలాడదీసి, పక్కింటి మోటారు ఆగే సమయం చూసుకుని పాడేదట. నాలుగేళ్ళలో ఒక్క శుక్రవారం వదల్లేదు. జలుబుతో పాడిన పాటే అన్నిటికన్నా ఎక్కువమంది విన్నారట, అది తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుందట. ఒకడు ప్రతి వారం నీకు పాట రాదు మానెయ్ అని రాస్తాడట. వాడొక్కడే మొదటి నుంచి చివరిదాకా వింటాడు, మిగతావాళ్ళు సగంలో పోతారు అని నవ్వింది. ఎవరు ఎక్కడ పోయారో కూడా ఫోను చూపిస్తుందట. మనం పాడినప్పుడు ఎవడూ ఎక్కడికీ పోయేవాడు కాదు. పోతే బరువు మీద పడేది.

ఇప్పుడు పాటల కంపెనీ వాళ్ళు పిలిచారట, నీకు తెలిసిందే. ఈ ఆదివారం వాళ్ళ స్టూడియోలో మన పాట పాడాలి. నాలుగేళ్ళకి తెరుచుకున్న మొదటి తలుపు. కానీ నిలుపు ఎనిమిది సెకన్లకి కుదించమన్నారు. వినేవాళ్ళు అంతసేపు ఆగరట, వేలితో పక్కకి తోసేస్తారట. చెక్క దెబ్బ చెత్త చప్పుడట, తీసేస్తారట. సరే అంటే పాట పాడవుతుంది, కాదంటే తలుపు మూసుకుంటుంది, ఏం చెయ్యను తాతయ్యా అని అడిగింది. శుక్రవారం లోపల వాళ్ళకి చెప్పాలట. తన మనసులో మాట వేరే ఉంది. నేను పాట చెప్పాలి, నువ్వు పక్కన కూర్చుని చెక్క కొట్టాలి, మధ్యలో తను పాడాలి. ఇద్దరు ముసలాళ్ళని ఎదురుగా చూశాక దెబ్బ తియ్యమనే ధైర్యం వాళ్ళకి ఉండదు అంటుంది. తెలివి మా వైపు నుంచే వచ్చింది.

నేను వెంటనే ఒప్పుకోలేదు. తన వేళ్ళు ఎలా పోయాయో మీ తాత నీకు చెప్పాడా అని అడిగాను. చెప్పాడు, చెక్క పెట్టడంలో నాదే ఆలస్యం, పాట చెప్పినవాడి తప్పేం లేదు అన్నాడు అంది. పాట కింద ఆ కథ కూడా రాస్తుందట, లక్షల మంది చదువుతారట. నేను నీళ్ళు తాగి వస్తానని గదిలోకి వెళ్ళి చాలాసేపు రాలేదు.

ఇదేం పని బావా. వరండాలో పన్నెండు మంది ముందు నా ఊపిరి తెగిందన్నావు. ఇంట్లో పిల్ల ముందు నీ చెయ్యి ఆలస్యం అన్నావు. ఒక్క చేతికి రెండు కథలా. నిందేమో నలుగురిలో వేసి, వెనక్కి తీసుకోవడం మాత్రం నాకు తెలియకుండా తీసుకుంటావా. నిజం ఒకటే ఉంటుంది. అదేదో నా మొహం మీద చెప్పు. నా ఊపిరి తెగలేదని ఒక్క ముక్క రాసి పంపు, ఆదివారం వస్తాను. నాకు తెలిసిన చరణాలన్నీ పిల్లకి ఇస్తాను. నువ్వు చెక్క కిందే ఉండేవాడివి, నీకు వచ్చినవి రెండే. మిగతా ఏడు నా దగ్గరున్నాయి. రాయకపోతే అవి నాతోనే పోతాయి. గురువారం లోపల జవాబు కావాలి.

ఇట్లు,
నీ బావమరిది,
ఒకప్పుడు పాట చెప్పినవాడు.

తా.క. పైదంతా రాసి, మడిచి, కవరుకి జిగురు పెట్టబోయి మళ్ళీ విప్పాను. నిజం ఒకటే ఉంటుందని రాశాను కదా. అది నీ రెండు మాటల్లోనూ లేదు. నీ చెయ్యి ఆలస్యం కాలేదు. నా ఊపిరీ తెగలేదు.

ప్రెస్సు ఓనరు తమ్ముడు ఆ రోజు కిటికీలో టేపు రికార్డరు పెట్టాడు, గుర్తుందా. నా గొంతు పట్టుకెళ్ళి పెద్దవాళ్ళకి వినిపిస్తానన్నాడు. దానికోసం ముందు రోజు ఒక కొత్త చరణం కట్టుకున్నాను. నేను నిలుపులో ఉండగా అతను టేపు అయిపోవస్తోందని వేలు తిప్పి చూపించాడు. నీ దెబ్బ ఇంకా పడలేదు. పడలేదని నాకు తెలుసు. పడిపోతుందిలే అనుకున్నాను. నిలుపు ఆపి చరణం ఎత్తుకున్నాను. మూడు మాటలు పాడాను. నాలుగోది నీ కేక.

అతను ఆ టేపు నాకిచ్చి పోయాడు. ఒక్కసారి రేడియో బాగుచేసేవాడి కొట్లో విన్నాను. ఊపిరి తెగినవాడు చరణం ఎత్తుకోలేడు బావా. అది కింద చెయ్యి పెట్టుకుని విన్న నీకు తెలియకుండా ఉండదు. ఊపిరి తెగడం నేరం కాదు, ఎవరికైనా తెగుతుంది. నువ్వు ఆ రోజు వరండాలో నన్ను కాపాడటానికే ఆ మాట అన్నావేమోనని పిల్ల వెళ్ళిపోయాక తోచింది. దాన్ని నింద అనుకుని ఇన్నేళ్ళు నీ మీద కోపం మోశాను. మోయడం వచ్చినవాణ్ణి కదా.

టేపు ఈ కవరులోనే ఉంది. పిల్లకి నువ్వు వినిపిస్తావా, నన్ను చెప్పమంటావా. ఎవరో ఒకరు చెప్పాలి. ఫోను ముందు నిలబడే పిల్లకి ఇది తెలిసి ఉండాలి. చెప్పాక అది నన్ను తాతయ్యా అనకపోయినా సరే. ఏడు చరణాలు నువ్వు రాసినా రాయకపోయినా దానివే, పైన బెదిరించింది కొట్టెయ్.

నీ జవాబు మాత్రం కావాలి. ఆదివారం నేను నిలుపు పడితే, పక్కన చెక్క పట్టుకుని కూర్చుంటావా కూర్చోవా. కూర్చుంటే, నీ దెబ్బ వినపడేదాకా ఆపను. తిడుతూ రాసినా సరే, రాయి. గురువారం లోపల.