కేసులో శంకరయ్య పేరు

నారాయణఖేడ్, 1987 ఆగస్టు, మంగళవారం

మా ఆయన ప్రమోషన్ కేసు కోసం పట్నం వెళ్లి వచ్చారు. తన తర్వాత ఉద్యోగంలో చేరిన శంకరయ్యను సీనియారిటీ జాబితాలో పైన పెట్టారని కేసు. సర్కారు మీదే అనుకున్నాను. వకీలు శంకరయ్యనూ ప్రతివాదిగా చేర్చాడట.

"గాయనేం జేసిండు? తప్పు ఆఫీసుదే గదా" అన్నాను.

"పేరు పెట్టకుంటె కేసు నిలవదంట. నోటీసు ఆల్లింటికే పోతది."

వాళ్లది మా పక్కిల్లే. సాయంత్రం శంకరయ్య భార్య లక్ష్మి రోజులాగే గిన్నెతో పెరుగు తోడుకు వచ్చింది.

"వదినా, అన్న పట్నం పోయిండట, ఏంది పని?"

"ఏదో ఆఫీసు పని" అంటూ తోడు ఎక్కువ వేశాను.

"గింత ఎందుకు, పులుస్తది" అని నవ్వింది.

నోటీసు కంటే ముందు నేనే చెప్పాలి. రేపు లక్ష్మి వచ్చినప్పుడు ముందు తోడు వేయాలా, ముందు మాట చెప్పాలా, అదే తేలడం లేదు...