దారపుండ కోసం తడిమిన చెయ్యి

నరసాపురం,
12 సెప్టెంబరు 1983

చి.ల.సౌ. రామతులసికి,

బుల్లిరాజు ఆశీస్సులు. ఇక్కడ మీ అమ్మగారూ నేనూ వేళకి ఇంత తింటున్నాం. తునిలో నువ్వు క్షేమంగా ఉన్నావని తలుస్తాను.

నీ ఉత్తరం శుక్రవారం అందింది. వానలు తగ్గలేదు. రేవులో గోదారి దాటించే పంటు రెండు రోజులు ఆపేశారు. పెరట్లో మునగచెట్టు విరిగింది. మూడు నెలలకని అరువు తెచ్చిన కెమెరా ఏడాదైనా తిరిగివ్వలేదని దెప్పావు. దెప్పు, పడతాను. ఒక పెద్దావిడ లేసు అల్లుకుంటుంటే తీసిన సినిమా చూసేదెవరని కూడా అడిగావు. నా పద్ధతి నీకు తెలుసు కదా. ఏమీ అడగను, ఇలా కూర్చోండని చెప్పను, వెనకనుంచి వ్యాఖ్యానం పెట్టను. మూల స్టూలు మీద కూర్చుని జరిగేది జరగనిస్తాను. మొదట్లో అత్తయ్యగారు కెమెరా కోసం మంచి చీర కట్టుకునేవారు. తర్వాత నేనున్నానన్న సంగతే మర్చిపోయారు. అది నా గొప్పనుకున్నాను.

నీ ప్రశ్న ఒకటి దాటేశాను. అమ్మ కళ్లెలా ఉన్నాయన్నావు. ఉగాదికి ఇదే అడిగితే బాగానే ఉన్నాయని రాశాను. అబద్ధం రాశాను తులసీ.

అప్పటికే చూశాను. మోకాలి పక్కనున్న దారపుండ కోసం చాపంతా తడిమేవారు. పక్కన పెట్టుకున్న మంచినీళ్ల గ్లాసు తన్నేసేవారు. తర్వాత్తర్వాత కుట్లు బొటనవేలితో లెక్కపెట్టుకోవడం మొదలెట్టారు. నేను లెన్సు మార్చి ఇంకా దగ్గరికెళ్లాను. కలగజేసుకోకపోవడం నా నియమమని సర్దిచెప్పుకున్నాను. నిజం అది కాదు. చెబితే డాక్టరంటారు, అల్లిక మాన్పిస్తారు, సినిమా సగంలో ఆగిపోతుంది. ఆ చేతులు ఫ్రేములో అంత బాగున్నాయి మరి.

పోయిన వారం గుమ్మానికి కొట్టుకుని పడిపోతే రాజమండ్రి తీసుకెళ్లాను. నీటికాసులన్నాడు డాక్టరు. పోయిన చూపు రాదట. ఆర్నెల్ల ముందు తెచ్చుంటే ఉన్నదైనా నిలబెట్టేవాణ్ణన్నాడు. ఇప్పుడు ఆవిడకి వెలుగూ నీడా తెలుస్తున్నాయి, అంతే. ఈ వారమంతా నీకు రాయడానికి ధైర్యం చాలలేదు.

నిన్న మధ్యాహ్నం మద్రాసు నుంచి కడిగిన రీళ్లొచ్చాయి. తలుపులు మూసి, గోడకి దుప్పటి కట్టి ప్రొజెక్టరు వేశాను. చప్పుడు విని ఆవిడ వచ్చి కూర్చున్నారు.

"నాకు కనబడదు కదండీ. ఏవుందో చెబుతుండండి అల్లుడుగారూ."

వ్యాఖ్యానం పెట్టనన్నవాణ్ణి, చెప్పడం మొదలెట్టాను. చాప, కిటికీ వెలుగు, ఆవిడ వేళ్లు. "ఇక్కడ ఉండ కోసం తడుముతున్నారండి. పక్కనే ఉంది, మీకు దొరకడం లేదు."

"ఎప్పటిదండీ ఇది?"

"ఫిబ్రవరిదండి."

"అయితే అప్పుడు మీరక్కడే ఉన్నారన్నమాట," అన్నారు. కోపంగా కూడా అనలేదు. గోడ పట్టుకుని లేవబోతుంటే చెయ్యి అందించాను.

"వద్దులెండి. మీరు చూసుకోండి," అని తడుముకుంటూ వంటింట్లోకి వెళ్లిపోయారు.

వెంటనే బయల్దేరి రా. నువ్వేమన్నా పడతాను. నా చెయ్యి ఆవిడ పట్టుకోవడం లేదు.

ఇట్లు,
మీ అమ్మగారి అల్లుడు,
బుల్లిరాజు